ఇసుక క్రింది పెన్నేరు

గుత్తినుండి అనంతపురమునకు వచ్చు రైలు పెన్నేటి వంతెన మీదికి ఎక్కగానే దాని చప్పుడు మారును. ఆ చప్పుడు వినినంతనే కృష్ణా గోదావరీ తీరములనుండి వచ్చు ప్రయాణికులు నదిలో వేయుటకై కాసు చేత పట్టుకొని కిటికీ వైపు ఒరుగుదురు. ఒరిగి, క్రిందికి చూచి, ఆ కాసును మరల జేబులో వేసికొందురు. వంతెన యున్నది, స్తంభములున్నవి, దూరదూరముగా రెండు దరులును ఉన్నవి. నీరు మాత్రము లేదు. కనుచూపు మేర ఇసుక, ఇసుకలో అక్కడక్కడ తుమ్మపొదలు, వాని నీడను మేకల మంద. "ఇది యేమి నదియండీ?" అని వారు మనలను అడుగుదురు. మేము చిన్ననాటినుండి ఈ ప్రశ్నను వినుచున్నాము. అప్పుడు సిగ్గుపడెడివారము. ఇప్పుడు సిగ్గుపడుట మానితిమి. ఏల మానితిమో శ్రోతలకు మనవి చేయుటకే ఈ ప్రసంగము.

నది యనగానే పాఠశాలలో చదువుకొన్నవారి మనస్సునకు తోచునది నిండుగా పారెడు నీరు, నీటిపై పడవలు, దరిని ఒక మహానగరము. ఇంగ్లాండు దేశపు థేమ్సు నది బొమ్మ మా భూగోళ పుస్తకములలో అట్లే యుండెడిది. అంతటి పేరుగల ఆ నది పొడవు సుమారు 346 కిలోమీటర్లు. మన పెన్న పొడవు 597 కిలోమీటర్లు. ఈ మాట చెప్పినపుడు మా మిత్రులు పటము తెప్పించి చూచిన గాని నమ్మరు. మరియొక సంగతి. థేమ్సు పుట్టినదని చెప్పెడు చోట, కెంబులు గ్రామము చెంత, పచ్చికబయలులో ఒక రాతిని నిలిపినారు. ఏడాదిలో పెక్కు దినములు ఆ రాతి దగ్గర చుక్క నీరుండదు. ఊటనీరు భూమి లోపలనే యుండి, వానలు మెండుగా కురిసినపుడు మాత్రమే పైకి వచ్చును. ఇక లండను నగరములోనే ఫ్లీటు అను ఉపనదిని వీథుల క్రింద సొరంగములో కప్పిపెట్టిరి. దానిమీద బండ్లు నడచుచున్నవి. అయినను అది నది కాదని ఎవరును అనరు. ఇంగ్లాండులో చెల్లిన న్యాయము అనంతపురములో చెల్లకుండుటకు కారణము మాకు కానరాదు.

పెన్న పుట్టినది కర్ణాటకములోని నందికొండలలో, చిక్కబళ్లాపురము సీమయందు. ఆ కొండల గుంపులోనే రెండు పినాకినులు జన్మించినవి. ఒకటి తమిళదేశమునకు పోయి పొన్నైయారు అను పేర కడలూరు దగ్గర సముద్రములో కలియును. అది దక్షిణ పినాకిని. రెండవది ఉత్తరాభిముఖమై మనవైపు వచ్చును. ఇది ఉత్తర పినాకిని. పినాకము శివుని విల్లు గనుక, నందికొండలో పుట్టిన నదికి ఆ పేరు కుదిరినదని పెద్దలు చెప్పుదురు. పండితులకు పినాకిని, పల్లెవారికి పెన్న, దరిని బ్రదుకువారికి ఒట్టి ఏరు. మన పాలు కన్నడమున హాలైనట్లు, మన పులి హులియైనట్లు, కన్నడ శాసనమున మన పెన్న హెన్నె యైనది. ఈ హెన్నె మాటను శ్రోతలు గుర్తుంచుకొనవలెను. కొంతసేపటికి దానితో పనిబడును.

హిందూపురము చెంత తెలుగునేలను త్రొక్కి, జయమంగళిని, కుముద్వతిని కలుపుకొని, పెన్న మరల కర్ణాటకములో దూరును. అక్కడ పావగడ తాలూకాలోని నాగలమడికె సుబ్రహ్మణ్యేశ్వరుని పాదములు కడిగి, పేరూరు దగ్గర తిరిగి మన సీమకు వచ్చును. సరిహద్దులు గీచినవారు నదిని అడిగి గీయలేదు. తరువాత కంబదూరు, కల్యాణదుర్గము ప్రాంతములమీదుగా ఉత్తరమునకే నడచి, గుత్తి సీమలో తూర్పునకు మళ్లి, పామిడి, తాడిపత్రి పట్టణములను తాకి, కడప మండలమున ప్రవేశించును. 2022లో అనంతపురము జిల్లాను విభజించి శ్రీ సత్యసాయి జిల్లాను ఏర్పరచిరి. హిందూపురము, పెనుగొండ, పేరూరు అందులో చేరినవి. నదికి ఈ విభజన సంగతి తెలియదు గనుక ఈ ప్రసంగములో మేమును పాత జిల్లానంతయు కలిపియే చెప్పుచున్నాము.

ఇంత దూరము నడచు నదికి నీరేల లేదు? నైరృతి ఋతుపవనము అరబ్బీ సముద్రమునుండి తెచ్చిన మేఘములు పడమటి కనుమలను ఎక్కుచు తమ బరువునంతయు ఆవలివైపుననే దించుకొనును. మన పీఠభూమికి వచ్చునప్పటికి గాలి మిగులును, నీరు మిగులదు. ఈశాన్య ఋతుపవనము బంగాళాఖాతమునుండి బయలుదేరును గాని, నెల్లూరు సీమను తడిపి మనదాక వచ్చునప్పటికి అదియు అలసిపోవును. రెండు పంక్తులలోను చివర కూర్చున్నవానికి వడ్డన ఎట్లుండునో మన గతి అట్లున్నది. పాత అనంతపురము జిల్లా సగటు వర్షపాతము ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్లు. ఆ కొంచెమైనను కుదురుగా కురియదు. ఒక ఏడు మూడు దినములలో కురిసి కట్టలు తెంచును. మరియొక ఏడు విత్తనము మొలచిన పిదప ముఖము చాటువేయును. కావున మా సీమలో సగటు అనునది పుస్తకములో ఉండునే గాని పొలములో ఉండదు. "ఏరు దాటి తెప్ప తగులబెట్టినట్లు" అను సామెత మా వైపు పుట్టియుండదు. మేము ఏటిని ఎద్దులబండిపై దాటినవారము. ఇసుకలో చక్రములు దిగబడినపుడు మరియొక జత ఎద్దులను కట్టి లాగించెడివారు.

అయినను ఈ నదిని నమ్మి బ్రదికిన రాజధాని యొకటి యున్నది. హెన్నె మాటను గుర్తుంచుకొనుడని చెప్పియుంటిమి. గౌరిబిదనూరు తాలూకాలో క్రీ. శ. 1388 నాటి శాసనమొకటి కలదు. విజయనగరమున రెండవ హరిహరరాయలు ఏలుచున్న కాలమది. ఆయన కుమారుడు ప్రతాప బుక్కరాయలు పెనుగొండలో ఉండెను. పెనుగొండ శత్రువునకు లొంగని దుర్గమే. కాని దాహమునకు లొంగని దుర్గము లేదు. ప్రజలు సుఖముగా నుండవలెనన్న నీరే ఆధారమని తలచి, హెన్నె నదిని పెనుగొండకు తీసికొని రావలసినదని రాజకుమారుడు సింగయభట్టు అను జలసూత్రజ్ఞుని ఆజ్ఞాపించెను. సింగయభట్టు సిరువెర చెరువుదాక కాలువ త్రవ్వించి, దానికి ప్రతాప బుక్కరాయ మండల కాలువ అని పేరు పెట్టెను.

ఈ శాసనమును గూర్చి మేము పలుమారులు తలపోసితిమి. నేటి కొలత యంత్రములు లేని దినములలో, రాళ్లు గుట్టలు నిండిన నేలమీద, నీరు తనంతట తాను నడచిపోవునంత సన్నని వాలును కనిపెట్టుట సామాన్యమైన విద్య కాదు. అటువంటి విద్యగలవానిని రాజకుమారుడు పేరుపెట్టి పిలిచి పని అప్పగించెను. కాలువకు పెట్టినది రాజకుమారుని పేరే. కాని నీటిని తెచ్చినవాని పేరును శాసనము మరువలేదు. ఈ మర్యాద మాకు ఎంతయు నచ్చినది. ఈనాటి ఆనకట్టల శిలాఫలకములపై ప్రారంభోత్సవము చేసినవారి పేర్లు చదివిన పిదప, వాలు కట్టినవాని పేరు వెదకి చూడుడు. ఇక మట్టి మోసినవారి పేర్లు నాడును లేవు, నేడును లేవు.

కాలువలకంటె చెరువులు మెండు. అనంతపురము పట్టణమే ఒక చెరువు కట్టపై పుట్టినది. 1364 ప్రాంతమున బుక్కరాయల మంత్రియైన చిక్కప్ప ఒడెయరు పండమేరునకు అడ్డముగా కట్ట వేయించెనని, కట్టకు ఒక కొసన బుక్కరాయసముద్రము, రెండవ కొసన అనంతసాగరము వెలసినవని చెప్పుదురు. ఆ కట్ట ఒకమారు గండిపడినదట. ఊరిని కాపాడుటకై బసిరెడ్డి కోడలు ముసలమ్మ ఆ గండిలోనికి నడచిపోయినదట. కట్టమంచి రామలింగారెడ్డిగారు విద్యార్థిదశలోనే ఈ కథను కైకొని "ముసలమ్మ మరణము" రచించిరి. కథ నిజమో కాదో మేము తేల్చలేము. ఒక చెరువు తెగుట ఊరికి ప్రాణాంతకమని ఎరిగినవారే అట్టి కథను తరతరములుగా చెప్పుకొందురు.

ఆ చెరువులలో పెక్కింటి అమరికయు వింతయైనదే. పై చెరువు నిండి మరువ పారిన నీరు క్రింది చెరువులో చేరును. అది నిండిన దానికి క్రిందిది. ఒక్కొక్క చోట ఒక వంకపై ఇట్లు హారముగా చెరువులుండును. కట్టను మరమ్మతు చేయువారికి దశబంధమను మాన్యములుండెడివి. తూము తెరచి ఎవరి మడికి ఎంత పారవలెనో చూచు నీరుగంటి ఊరికొకడు ఉండెడివాడు. ఈ శాస్త్రమును నేర్చుకొనగోరువారు పెన్న పరీవాహములోనే, కడప మండలమున పోరుమామిళ్ల చెరువు కట్ట దగ్గరకు పోవలెను. బుక్కరాయల కుమారుడు భాస్కరుడు 1369లో వేయించిన సంస్కృత శాసనము అక్కడ కలదు. దినమునకు 1,000 మంది కూలీలు, 100 బండ్లు, రెండేండ్ల కాలము ఆ చెరువునకు పట్టినట్లు అందున్నది. చెరువునకు కావలసిన పండ్రెండు అంగములను, రాకూడని ఆరు దోషములను కూడ ఆ శాసనము చెప్పినది. కట్టనుండి నీరు కారుట ఒక దోషము. చవుడు నేల మరియొకటి. నీరు తక్కువై పొలము ఎక్కువగుట ఇంకొకటి. వీనితోపాటు, రెండు రాజ్యముల సరిహద్దున చెరువు కట్టుట కూడ దోషమని అందు చెప్పబడినది.

ఈ చివరి మాట చదివినపుడు మాకు పెన్న మొత్తము జ్ఞాపకము వచ్చినది. 1876 ధాత సంవత్సరమున మొదలైన కరువు మా సీమను తుడిచిపెట్టినది. ధాత కరువు అను పేరు మా అవ్వలు వేరొకటి చెప్పుటకు ముందు చెప్పెడివారు. తరువాత పదునారేండ్లకు, 1892లో, మైసూరు సంస్థానమునకును చెన్నపట్టణపు ప్రభుత్వమునకును నదులను గూర్చి ఒడంబడిక జరిగినది. మైసూరువారు క్రొత్త జలాశయము కట్టదలచిన మద్రాసువారి సమ్మతి ముందుగా పొందవలసిన నదుల పట్టికలో తుంగభద్ర, కావేరులతోపాటు పెన్న, చిత్రావతి, పాపాగ్ని కూడ ఉన్నవి. అనగా సంస్థానపు ఎగువ, మండలపు దిగువ అను తగవు నూరేండ్లకు పైబడినది. పోరుమామిళ్లవారు అంతకు అయిదు శతాబ్దములకు ముందే దానికి దోషమని పేరుపెట్టిరి.

స్వాతంత్ర్యము వచ్చిన పిదప పేరూరు దగ్గర, పెన్న రెండవమారు మన సీమలో అడుగుపెట్టు చోటనే, ఎగువ పెన్నార్ ఆనకట్ట కట్టిరి. సుమారు 10,000 ఎకరములకు నీరు పారునని ఆశించిరి. కట్ట చక్కనిదే, తలుపులు చక్కనివే. కాని ఆ జలాశయము నిండిన ఏడులకంటె ఎండిన ఏడులే మెండు. పైవారు నీరు పట్టుకొనుటచేత ఇట్లైనదని మన రైతులు అందురు. అందు నిజము లేకపోలేదు. అయితే ఎగువ పల్లెలలోను ఇదే ఆకాశము, ఇదే దాహము. వారును బావులు త్రవ్విరి, మనమును త్రవ్వితిమి. వాన కురిసిన దినమున నీరు ఏటికి రాకముందే దారిలోని పొడి నేల దానిని త్రాగివేయుచున్నది. ఒకరినే దూషించుట సులభము, కాని కట్ట వెనుక నీరు నిలువదు.

పెన్నలో నీరు చాలదని తేలిన పిమ్మట ఇతర నదులవైపు చూచితిమి. 1937 నాటి శ్రీబాగు ఒడంబడికలో తుంగభద్రా కృష్ణా పెన్నా జలములలో రాయలసీమకు, నెల్లూరునకు ముందు మర్యాద జరుగవలెనని వ్రాసికొనిరి. తుంగభద్ర ఆనకట్ట 1953లో పనిచేయ మొదలిడినది. దాని ఎగువ కాలువ నీరు పెనకచెర్ల దగ్గరి మధ్య పెన్నార్ జలాశయములో పడుచున్నది. 2012లో హంద్రీ-నీవా పథకముద్వారా శ్రీశైలము వెనుకనుండి ఎత్తిపోసిన కృష్ణనీరు జీడిపల్లె జలాశయమునకు వచ్చినది. ఇది మాకు గొప్ప మేలు. దీనిని తక్కువ చేసి చెప్పుట కృతఘ్నత. కాని పెనకచెర్ల కట్టపై నిలిచి నీటిని చూచినపుడు ఒక విచిత్రమైన భావము కలుగును. ఇల్లు పెన్నది, కాపురము తుంగభద్రది. పరాయి నీరు వచ్చినది గదా యని ఇంటిదానిని మరచుట న్యాయమా?

ఎందుకనగా, పెన్న తన పని మానలేదు. వరద వచ్చిన మూడు నాలుగు దినములలో అది తన ఇసుకను ముంచి, నానబెట్టి, పోవును. పై నీరు సముద్రమునకు పోయినను లోపలి నీరు పోదు. ఇసుక క్రింద రెండు మూడడుగుల లోతున ఎండవేడి అంతగా సోకదు. కావున చెరువులో ఆవిరియగు నీరు ఇసుకలో భద్రముగా నుండును. ఈ రహస్యము మన రైతులు ఏనాడో ఎరుగుదురు. ఏటిలో ఎగువన లోతుగా పల్లము త్రవ్వి, నది వాలుకంటె తక్కువ వాలుతో ఆ పల్లమును దిగువకు నడిపింతురు. కొంత దూరము పోవునప్పటికి ఇసుకలోని ఊట దానంతట అదియే పైనేలకు వచ్చి, పొలములలో పారును. ఇవే ఊటకాలువలు. కపిల తోలనక్కరలేదు, యంత్రము అక్కరలేదు. వరద వచ్చినపుడెల్ల కాలువ ఇసుకతో పూడిపోవును. అప్పుడు ఆయకట్టు రైతులందరు ఇంటికొక మనిషి చొప్పున పారలు, గంపలు తీసికొని వచ్చి, పూడిక ఎత్తవలెను. రానివాడు దండుగ పెట్టవలెను. ఏటేట ఊరినంతను ఒక్కచోటికి చేర్చు పని యది. తిరునాళ్లకైనను రానివారు ఊటకాలువ పనికి వచ్చెడివారని మా పెద్దలు చెప్పగా వింటిమి.

ఇప్పుడు ఆ ఊటకాలువలు చాలవరకు పూడిపోయినవి. దరిని గొట్టపుబావులు పడినవి. మొదట నూరడుగులు, పిమ్మట మూడునూర్లు, పిమ్మట ఇంకను లోతు. రాతి క్రిందికి పోయిన కొలది ఇసుకలోని నీరు దిగిపోయినది. నీటిమట్టము కాలువ అడుగునకు దిగువకు పోయిన పిదప ఊట ఎక్కడిది? దీనికి తోడు ఇసుకకే వెల వచ్చినది. పట్టణములలో మేడలు లేచుచున్నవి. మేడలకు ఇసుక కావలెను. రాత్రియనక పగలనక ట్రాక్టర్లు ఏటిలోనికి దిగుచున్నవి. కొన్ని చోట్ల ఇసుక పోయి అడుగు మట్టియు, బండయు బయటపడినవి. భూగర్భజలమునకు హాని కలుగునట్లు ఇసుక త్రవ్వరాదని 2002 నాటి నీరు, భూమి, చెట్ల చట్టము చెప్పుచున్నది. చట్టము మంచిదే. ఇసుకను కొనువారిలో మేమును ఉన్నాము, శ్రోతలును ఉన్నారు. మనయింటి గోడలలో ఎన్ని బండ్ల ఏరు ఉన్నదో ఒకమారు లెక్కించి చూచుకొనవచ్చును. పేరూరులో కట్టిన జలాశయము ఎండినది. నందికొండనుండి సముద్రముదాక ప్రకృతి కట్టిన ఇసుక జలాశయమును మనము బండ్లకెత్తి అమ్ముకొనుచున్నాము.

నది చచ్చినది గదా యని ఏటిలో ఇండ్లు కట్టుకొనువారికి అది అప్పుడప్పుడు బదులు చెప్పును. 2021 నవంబరులో ఈ సీమ ఏరులన్నియు ఒక్కమారు మేలుకొన్నవి. వెల్దుర్తి దగ్గర చిత్రావతి వరదలో చిక్కుకొన్నవారిని వాయుసేన హెలికాప్టరు వచ్చి కాపాడవలసి వచ్చినది. అదే దినములలో కడప మండలమున చెయ్యేటిపై అన్నమయ్య జలాశయపు కట్ట తెగి, పల్లెలు కొట్టుకొనిపోయినవి. కరువునకు పేరుపడిన నేలలో హెలికాప్టరు! నవ్వవలసిన మాట కాదు.

తాడిపత్రి దగ్గర పెన్న గట్టున బుగ్గ రామలింగేశ్వరుని ఆలయము కలదు. పదునైదవ శతాబ్దపు తుదిని పెమ్మసాని నాయకులు కట్టించినది. లింగము క్రిందినుండి నీరు ఊరుచుండును; అందుచేతనే బుగ్గ. ఎదుట ఏరు ఎండియున్నపుడును గర్భగుడిలో తడి ఆరదని ప్రసిద్ధి. ఆ గోపురముల రాతిపనిని గూర్చి వేరొక ప్రసంగమే చేయవలెను. అక్కడనుండి ఏరు కడప మండలమునకు పోయి, గండికోట దగ్గర ఎఱ్ఱమలలను నిలువున కోసికొని దారి చేసికొన్నది. ఇసుకలో కనబడక దాగిన నది అక్కడ కొండను చీల్చినదన్న మన ప్రయాణికుడు నమ్మునా? ఆ లోయ అంచుననే కోట. 1652లో వజ్రముల వర్తకుడు తావెర్నియే అక్కడికి వచ్చి మీర్ జుమ్లాను దర్శించెను. ఆవల కుందేరు, పాపాగ్ని, చెయ్యేరు, సగిలేరు కలియగా పెన్న కొంత నిండు ముఖముతో సోమశిల దాటి, తిక్కన సోమయాజి మెలగిన నెల్లూరునకు పోయి, ఊటుకూరు దగ్గర సముద్రమును చేరును. నెల్లూరు వరిచేలను చూచినవారికి పెన్న పరిచయము అక్కరలేదు. వారికి అది నదియే.

మా ప్రయాణికుని ప్రశ్నకు తిరిగి వత్తము. తరిమెలలో పుట్టిన విద్వాన్ విశ్వంగారు ఈ ఏటిమీద ఒక కావ్యమే వ్రాసి దానికి "పెన్నేటి పాట" అని పేరుపెట్టిరి. నీరు లేని నదికి పాట యేమని ఎవరును ఆయనను అడిగినట్లు మేము వినలేదు. మా చిన్నతనమున చైత్రమాసపు ఎండలో మా అవ్వ బిందెయు, కొబ్బరిచిప్పయు తీసికొని ఏటిలోనికి పోవుచు మమ్ములను వెంటబెట్టుకొని పోయెడిది. పాదములు కాలి మేము గంతులు వేయుచుండగా, ఆమె ఇసుకను చేతితో తాకి చూచి, ఒకచోట కూర్చుండి చెలమ తీసెడిది. మోచేతి లోతు పోవునప్పటికి ఇసుక రంగు మారెడిది. ఇంకొక జానెడు. మొదట ఊరిన నీరు బురదగా నుండెడిది. దానిని చిప్పతో తోడి పారబోసెడిది. రెండవమారును పారబోసెడిది. మూడవమారు ఊరిన నీటిని మేము త్రాగబోగా చేయి పట్టుకొని, "తాళుండ్రి నాయనా, ఏరు ఇంకా మేలుకోలేదు" అనెడిది. నాలుగవమారు అడుగున ఇసుక రేణువులు లెక్కింపదగినంత తేటగా నీరు ఊరెడిది.